హిరేగుడ్డ ఎద్దులూ, మనం కట్టుకున్న ప్రోగ్రామూ



బళ్ళారి ఊరు దాటి సంగనకల్లు వైపు కొద్ది మైళ్ళు పోతే ఒక నల్లరాతి కొండ ఉంది. కుప్పగల్లు కొండ అనేవాళ్ళు ఉన్నారు, కన్నడంలో హిరేగుడ్డ అనేవాళ్ళు ఉన్నారు. హిరేగుడ్డ అంటే పెద్దకొండ అనే అర్థం. దాని బండల మీద నవీన శిలాయుగపు మనుషులు రాతితో రాతిని నలగగొట్టి వేసిన బొమ్మలున్నాయి. ఎక్కువగా ఎద్దులే, మూపురాలు, పొడుగు కొమ్ములు. కొన్ని బొమ్మలు కాలు మోపే జాగా కూడా లేని చోట ఉన్నాయి. ఏ తాడు పట్టుకుని వేలాడుతూ వేశారో! ఇంకొక వింత ఏమిటంటే, కొన్ని గుండ్ల మీద చిన్న గిన్నెల్లాంటి గుంటలున్నాయి. అక్కడ గులకరాయితో కొడితే బండ గంటలా మోగుతుంది.

ఈ బొమ్మల గురించి ఫాసెట్ అనే ఆయన 1892లో లండన్ పత్రికలో రాశాడు. ఆ కాలంలో తీసిన ఫోటోలు కొన్ని లండన్‌లోని రాయల్ ఆంత్రొపాలజికల్ ఇన్‌స్టిట్యూట్‌కు చేరాయి. తరువాత మన బెండపూడి సుబ్బారావుగారు సంగనకల్లులో తవ్వకాలు జరిపి, 1948లో బళ్ళారి రాతియుగపు సంస్కృతుల మీద పుస్తకం వెలువరించారు. 2004లో నికోల్ బోయివిన్ అనే పరిశోధకురాలు ‘యాంటిక్విటీ’ పత్రికలో ఈ మోగే రాళ్ళ సంగతి రాసినప్పుడు తేలినది ఏమిటంటే, లండన్‌లోని ఆ పాత ఫోటోలు వెలిసిపోయాయి. ఇక్కడేమో క్వారీవాళ్ళు కొండలో కొంత భాగాన్ని అప్పటికే కదిలించారు. రాయి పోయి, ఫోటో పోతే ఇక మిగిలేదేమిటి?

డిజిటల్ ఫోటో వెలిసిపోదు అంటారు. నిజమే. కాని అది వట్టి అంకెల వరుస. ఆ అంకెలను బొమ్మగా మార్చే ప్రోగ్రాము కావాలి. ఆ ప్రోగ్రామును అమ్మిన కంపెనీ మూతపడితే, కంప్యూటర్ మారిపోతే, అంకెలు ఉండీ లేనట్టే. ఈ చిక్కును ముందుగా పసిగట్టినవాళ్ళు కొందరు ప్రోగ్రాముతో పాటు దాని మూలరూపాన్ని, అంటే సోర్స్ కోడ్‌ను, అందరికీ ఇచ్చేశారు.

సోర్స్ కోడ్ అంటే ఏమిటో మన బళ్ళారి వాళ్ళకు చెప్పడం సులువు. ఇక్కడ ఇంటింటా జీన్స్ ప్యాంట్లు కుడతారు. కుట్టిన ప్యాంటు కొనడం ఒకటి. గుడ్డా, కత్తిరింపు అట్టలూ తెచ్చుకుని మన కొలతకు కుట్టుకోవడం ఇంకొకటి. సోర్స్ కోడ్ ఆ అట్టల లాంటిది, కంపైలర్ కుట్టుమిషను లాంటిది. మనిషి చదవగలిగే రాతను యంత్రం నడిపించే రూపంలోకి మార్చడమే కంపైల్ చేయడం.

బొమ్మల ప్రోగ్రాములలో పాతవాటి కథ చూడండి. అమెరికాలో డ్యూపాంట్ కంపెనీలో జాన్ క్రిస్టీ అనే ఉద్యోగికి 1987లో పైఅధికారి ఒక పని అప్పగించాడు. లక్షల రంగులున్న బొమ్మను 256 రంగులే చూపగల తెర మీద చూపించాలి. ఆయన రాసిన ప్రోగ్రామే ఇమేజ్‌మ్యాజిక్. కంపెనీ ఒప్పుకుంది, 1990 ఆగస్టులో సోర్స్‌తో సహా లోకానికి ఇచ్చేశాడు. బర్కిలీ విశ్వవిద్యాలయంలో స్పెన్సర్ కింబాల్, పీటర్ మాటిస్ అనే ఇద్దరు విద్యార్థుల కథ ఇంకా సరదాగా ఉంటుంది. కంపైలర్ల తరగతికి మొదలుపెట్టిన ప్రాజెక్టు దెబ్బతింటే, విసిగిపోయి బొమ్మలు దిద్దే ప్రోగ్రాము పట్టుకున్నారు. అదే గింప్. 1996లో జనంలోకి వచ్చింది. ఐతే ఒక మెలిక ఉండేది. గింప్ సోర్స్ ఉచితమే గాని, దాని కిటికీలూ బొత్తాలూ గీయడానికి మోటిఫ్ అనే సామగ్రి కావాలి, దానిని డబ్బిచ్చి కొనాలి. అట్టలు ఊరకే ఇచ్చి దారానికి వెల కట్టినట్టు! ఆ కుర్రవాళ్ళు మోటిఫ్‌ను వదిలేసి జీటీకే అనే సొంత సామగ్రినే రాసుకున్నారు. 1998లో గింప్ 1.0 వచ్చేనాటికి జీటీకే వేరే ప్రోగ్రాములకు కూడా పనికొస్తోంది.

ఇది నాకు స్వానుభవమే. 2000 దాటిన తొలి ఏళ్ళలో ఒక మిత్రుడు హిరేగుడ్డ ఎద్దుల ఫోటోలు తెచ్చాడు. ఒక కాలేజీ ల్యాబులో మూలనపడిన కంప్యూటర్ మీద లినక్స్ ఎక్కించి, ఇమేజ్‌మ్యాజిక్ సోర్స్ విప్పాము. మొదట ‘కన్ఫిగర్’ అనాలి. అది మన యంత్రంలో ఏమున్నాయో, ఏమి లేవో ఒక్కొక్కటే అడిగి చూస్తుంది. ఉంది, లేదు, ఉంది అంటూ తెర మీద వరుసలు పరుగెడతాయి. తరువాత ‘మేక్’. ఇది 1976లో బెల్ ల్యాబ్స్‌లో స్టువర్ట్ ఫెల్డ్‌మన్ రాసిన పాత పనిముట్టు. నడుమ కరెంటు పోయింది. మా ఊరి సంగతి తెలిసిందే కదా! కరెంటు వచ్చాక మళ్ళీ ‘మేక్’ అంటే, పూర్తయిన ముక్కల జోలికి పోకుండా, ఫైళ్ళ తేదీలూ వేళలూ చూసుకుని మిగిలినవే మొదలుపెట్టింది. దాని తెలివికి ముచ్చటపడ్డాము.

అంతా అయ్యాక ఎద్దు ఫోటో తెరవమంటే తెరవనంది. జేపెగ్ బొమ్మలను చదివే శక్తి దానికి లేదు. ‘కన్ఫిగర్’ ఆ మాట ముందే చెప్పింది, పరుగెత్తే వరుసల్లో మేమే చూడలేదు. జేపెగ్‌ను విప్పే కోడ్ వేరే బృందం రాసినది. టామ్ లేన్ మొదలైనవాళ్ళు 1991 నుంచి దానిని ఉచితంగా ఇస్తూ వచ్చారు. మిత్రుడు సైబర్ కేఫ్‌కు వెళ్ళి దించుకొచ్చాడు. ఆ సోర్స్ మొత్తం ఒక్క ఫ్లాపీలో పట్టింది! ముందు దానిని కంపైల్ చేసి, తరువాత ఇమేజ్‌మ్యాజిక్‌ను మళ్ళీ ‘కన్ఫిగర్’ దగ్గర నుంచి మొదలుపెట్టాము. చీకటి పడే వేళకు ఎద్దు తెర మీదికి వచ్చింది. వెలుగునీడల తేడా కాస్త పెంచేసరికి, ఎండలో కంటికి ఆనని రెండో ఎద్దు కూడా పక్కన తేలింది.

ఇవాళ ఈ కష్టం లేదు. ఒక్క ఆదేశంతో అన్నీ వాటంతటవే వచ్చి కూర్చుంటాయి. కంపైల్ చేయడమంటే తెలియని కుర్రవాళ్ళను నేను తప్పుపట్టను. కాని సోర్స్ ఎక్కడో ఒకచోట ఉండబట్టే వాళ్ళకు ఆ సుఖం దక్కుతోంది.

చివరగా మేము చేసిన చిలిపి పని ఒకటి చెబుతాను. 1980ల చివర జెఫ్ పోస్కంజర్ అనే ఆయన, బొమ్మలను ఉత్తరాల్లో మామూలు అక్షరాలలా పంపడానికి పీబీఎం అనే పద్ధతి పెట్టాడు. పైన ఒక గుర్తు, అడ్డం నిలువు కొలతలు, కింద సున్నాలు, ఒకట్లు, అంతే. నలుపుకు ఒకటి, తెలుపుకు సున్నా. మేము ఎద్దు ఫోటోను చిన్నది చేసి, ఆ రూపంలోకి మార్చి, కాగితం మీద అచ్చు వేశాము. దానికి ఏ ప్రోగ్రామూ అక్కర్లేదు. కాగితాన్ని గోడకు అంటించి నాలుగడుగులు వెనక్కి జరిగితే, సున్నాల నడుమ ఒకట్లన్నీ చేరి పొడుగు కొమ్ములు కనబడ్డాయి. ఆ కాగితం ఇప్పటికీ నా దగ్గర ఉంది, మడతల దగ్గర కాస్త చిరిగింది.