మేనేజరు కార్మికుడా? - ఒక నిర్వచనం చరిత్ర

1929 ఏప్రిల్ 8న ఢిల్లీ కేంద్ర శాసనసభలో భగత్ సింగ్, బటుకేశ్వర దత్ బాంబులు విసిరిన సంగతి ప్రతి విద్యార్థికీ తెలుసు. ఆనాడు ఆ సభలో నెగ్గిన బిల్లు ఏమిటో చాలామందికి గుర్తుండదు. అది కార్మిక వివాదాల బిల్లు. 1928లో బొంబాయి మిల్లు కార్మికులు నెలల తరబడి సాగించిన సమ్మెకు జడిసిన ప్రభుత్వం, సమ్మెలకు కళ్ళెం వేయడానికి తెచ్చిన శాసనమది. చేతిపనిగాని, గుమాస్తాపనిగాని కూలికి చేసేవాడే కార్మికుడని అందులో నిర్వచించారు. 1947లో వచ్చిన పారిశ్రామిక వివాదాల చట్టం దాదాపు ఆ నిర్వచనాన్నే స్వీకరించింది. మరి ఫోర్‌మన్ ఎవరు? సూపర్‌వైజరు ఎవరు? మేనేజరు ఎవరు?

ఇది మాటల తగాదా కాదు. నిర్వచనంలో ఇమిడిన ఉద్యోగిని అన్యాయంగా తొలగిస్తే ట్రిబ్యునల్ తిరిగి పనిలో పెట్టించగలదు, పాత జీతం ఇప్పించగలదు. ఇమడని ప్రైవేటు ఉద్యోగికి సాధారణంగా మిగిలేది సివిలు కోర్టులో నష్టపరిహారపు దావా మాత్రమే. ఒకనికి అన్నం, ఇంకొకనికి ఆశ!

దిమాకుచి తేయాకు తోట కేసు ఈ చరిత్రలో కీలకమైనది. అస్సాంలోని ఆ తోటలో 1951లో ఒక సహాయ వైద్యుణ్ణి తొలగించారు. ఆయన తరఫున పోరాడినది కార్మికుల సంఘమే. "ఏ వ్యక్తి" ఉద్యోగానికి సంబంధించిన తగాదా అయినా వివాదమేనని చట్టం చెబుతున్నది గదా అని వారు వాదించారు. 1958లో సుప్రీంకోర్టు మెజారిటీ తీర్పు దానిని ఒప్పుకోలేదు. ఏ వ్యక్తి అంటే ఎవరైనా సరే అని కాదు, ఆ వ్యక్తి విషయంలో కార్మికులకు ఒక వర్గంగా ప్రత్యక్షమైన లేదా గణనీయమైన ప్రయోజనం ఉండాలి. వైద్యుడు కార్మికుడు కాడు, ఆయన విషయంలో వారికి అలాంటి ప్రయోజనమూ లేదు, అన్నది. జస్టిస్ సర్కార్ విభేదించారు. తమకు ప్రయోజనం ఉన్నదని కార్మికులు తామే ముందుకు వచ్చి చెప్పినా, లేదని నిర్ణయించింది న్యాయస్థానం. వైద్యుడు పోగొట్టుకున్నది ఉద్యోగం. కార్మికులు పోగొట్టుకున్నది అతని కోసం వివాదం లేవదీసే హక్కు.

ఈలోగా 1956 సవరణ వచ్చింది. అది సాంకేతిక, పర్యవేక్షక పనులను నిర్వచనంలో చేర్చి, మరుక్షణమే గీత గీసింది. ప్రధానంగా మేనేజరు హోదాలోగాని, పరిపాలకుని హోదాలోగాని ఉన్నవారు బయట. పర్యవేక్షకులలో నెలకు 500 రూపాయలు మించిన జీతగాళ్ళూ బయటే. ఈ 500 రూపాయల గీత 1984 ఆగస్టు దాకా కదలలేదు. ఆ ఇరవై ఎనిమిదేళ్ళలో ధరలు ఎంత పెరిగాయో వేరే చెప్పాలా? ధరలతోపాటు జీతం అంకె పెరిగిన సూపర్‌వైజరు, చేసే పని ఇసుమంతైనా మారకుండానే గీత దాటి చట్టం వెలుపల పడ్డాడు. తర్వాత గీత 1,600కు, 2010లో 10,000కు జరిగింది.

యాజమాన్యాల చేతిలో ఇంకొక ఆయుధం బిరుదు. జీతం పెంచనక్కరలేదు, పేరు మారిస్తే చాలు, గుమాస్తా ఆఫీసరైపోతాడు. ఈ విషయంలో న్యాయస్థానాలు కొంత మేలు చేశాయి. 1969లో ఆనందబజార్ పత్రిక కేసులోను, 1985లో సీబా గైగీ కేసులోను సుప్రీంకోర్టు హోదా పేరును కాక ప్రధానంగా చేసే పనిని చూడాలన్నది.

అయితే మేనేజర్లందరూ మనవాళ్ళేనా? కాదు. పెట్టుబడి మూడవ సంపుటంలో మార్క్సు పర్యవేక్షణకున్న రెండు ముఖాలను వివరించాడు. పదిమంది కలిసి చేసే ఏ పనికైనా సమన్వయకర్త కావాలి, అది శ్రమే. శ్రమజీవిని అణచి పని పిండుకోవడానికి కావలసిన పర్యవేక్షణ వేరు, అది యాజమాన్యాధికారం. మొదటిది చేసేవాడు కార్మికుడు. ఉద్యోగం ఇచ్చే, ఊడబెరికే, శిక్షించే అధికారం నిజంగా చేతిలో ఉన్నవాడు, జీతం తీసుకుంటున్నా యజమాని ప్రతినిధి. కనుక అడగవలసిన ప్రశ్న "జీతమెంత?" అన్నది కాదు, "అధికారమెంత?" అన్నది. చట్టం రెండు ప్రశ్నలూ కలగాపులగం చేసింది.

ఈ గీత ఉపాధ్యాయులనూ తాకింది. బోధన నిర్వచనంలోని ఏ పనీ కాదు గనుక ఉపాధ్యాయిని కార్మికురాలు కాదని 1988లో గోవా కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. పవిత్ర వృత్తి అన్న పొగడ్త రక్షణ లేకపోవడానికి సాకు అయింది. మినహాయింపులలో లేకపోతే చాలదు, పేర్కొన్న పనుల్లో ఏదో ఒకటి చేస్తూ ఉండాలని 1994లో శాండోజ్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం మరింత బిగించింది.

1947 చట్టం స్థానంలో 2020 పారిశ్రామిక సంబంధాల కోడ్ 2025 నవంబరు 21న అమలులోకి వచ్చింది. అందులో పర్యవేక్షకుని గీత 18,000 రూపాయలు. ఇక కేంద్రప్రభుత్వం నోటిఫికేషన్‌తోనే దానిని మార్చవచ్చు. అంకె మారింది, తర్కం మారలేదు. జీతపు అంకెతో శ్రామికులను చీల్చే ఈ పద్ధతి పోవాలి. అందుకు ముందుగా, గీతకు లోపలున్నవారు వెలుపల పడ్డవారి కోసం నిలబడాలి. దిమాకుచి తోట కార్మికులు చేసినది అదే.