పాదలేపము - దారి తప్పిన సేనాని

చిట్యాల నుండి పరకాల మీదుగా ఓరుగల్లుకు బస్సులో పోవునప్పుడెల్ల నాకొక పాత కథ జ్ఞాపకమునకు వస్తూ ఉంటుంది. కాళ్లకు పసరు పూసుకొని, బండి లేక, గుఱ్ఱము లేక, హిమాలయము చేరిన బ్రాహ్మణుని కథ అది. అల్లసాని పెద్దన మనుచరిత్ర వలన ప్రవరుని పేరు ఎరుగని తెలుగువాడు లేడు. అయితే ఆ కథ తెలుగు పద్యములోనికి దిగినది విజయనగరములో కాదు. అంతకు రెండు వందల ఏండ్లకు పూర్వము, కాకతీయుల ఓరుగంటి నీడలో.

తిక్కన సోమయాజి శిష్యుడు మారన మార్కండేయ పురాణమును తెలుగు చేసి, ప్రతాపరుద్రుని సేనాని, ఓరుగంటి కోట రక్షకుడు అయిన నాగయ గన్ననకు అంకితమిచ్చినాడు. మన భాషలో మహాపురాణమునకు తొలి అనువాదము ఇదియే అని సాహిత్య చరిత్రకారుల మాట. పెద్దన తన కావ్యమునకు వస్తువు తీసుకొన్నది ఆ పురాణము నుండియే.

ఆ మూల పురాణములోని సిద్ధుడు గొప్ప లెక్కలవాడు. ఓషధి ప్రభావమున అర్ధదినములో వేయి యోజనములు పోగలనంటాడు. యోజనమును ఎనిమిది మైళ్లుగా పట్టి, అర్ధదినమును ఆరు గంటలుగా లెక్కించి చూడండి; గంటకు పదమూడు వందల మైళ్లకు పైబడుతుంది. 1976 నుండి 2003 దాకా ప్రయాణికులను మోసిన కాంకార్డ్ విమానము వేగమించుమించు అంతే. బ్రాహ్మణుడు కూడ మనవలెనే లెక్క వేసుకొన్నాడు: సగము దినము పోవుటకు, సగము దినము వచ్చుటకు, సాయంకాలపు అగ్నిహోత్రమునకు ఇల్లు చేరవచ్చును. లెక్క సరియైనదే. మంచునీటికి పసరు కరిగిపోవునన్న సంగతి మాత్రము అందులో చేరలేదు. పోవు ఉపాయము ఉన్నవాడు మరలి వచ్చు ఉపాయమును మరచుట ఈ కథకు ప్రాణము. చివరకు అగ్నిదేవుని ప్రార్థించి, ఆయన అనుగ్రహమున అతడు ఇల్లు చేరినాడు.

దూరమును జయించిన కథ ఇది. కాలము సంగతికి వస్తే, జనగామ వైపున ఉన్న బమ్మెర వారు పోతనామాత్యుని భాగవతము నవమ స్కంధము చూడవలె. రైవతుడు కుమార్తె రేవతికి వరుని అడుగుటకు బ్రహ్మలోకమునకు పోయి, అక్కడ పాట ముగియువరకు క్షణకాలము నిలిచినాడట. ఇంతలో భూమిమీద ఇరువదియేడు మహాయుగములు గడచిపోయినవి! అతడు మనసులో అనుకొన్న వరులు లేరు, వారి మనుమల ఊసు కూడ లేదు. ఇంగ్లండులో వెల్సు కాలయంత్రమును కల్పించినది 1895లో. ఐన్‌స్టీన్ సిద్ధాంతము వెలువడినది 1905లో. 1971లో విమానములలో పరమాణు గడియారములను భూమి చుట్టూ త్రిప్పి చూడగా, నేలమీది గడియారములతో సెకనులో అత్యల్ప భాగము తేడా కనబడినది. దీనిని బట్టి పురాణములలో అంతా ఉన్నదని చంకలు గుద్దుకొనుట నాకు ఇష్టము లేదు. ఊహ ఊహయే, ప్రయోగము ప్రయోగమే. 1991లో వచ్చిన ఆదిత్య 369 చలనచిత్రములో మనవారు యంత్రమెక్కి పెద్దన ఉన్న కృష్ణరాయల కాలమునకే పోయినారు, అది వేరు ముచ్చట.

నా మనసు మాత్రము ఆ కథను అంకితము పుచ్చుకొన్న గన్నన వద్దనే నిలిచిపోతుంది. 1323లో ఢిల్లీ సైన్యము ఓరుగల్లును పట్టుకొన్నది. ప్రతాపరుద్రుని బందీగా ఉత్తరమునకు తరలించగా, ఆయన ఢిల్లీ చేరకుండగనే నర్మదా తీరమున అసువులు బాసినాడు. సేనాని చేరినాడు. అక్కడ ఇస్లాము స్వీకరించి మాలిక్ మక్బూల్ అయినాడని పలువురు చరిత్రకారులు గుర్తించినారు. మరల ఒకసారి ఓరుగల్లుకు వచ్చినాడు గాని, సుల్తాను పక్షమున పాలించుటకు వచ్చినాడు. 1336 ప్రాంతమున ముసునూరి కాపయ నాయకుడు తిరుగబడి కోటను గెలుచుకొనగా, తాను ఒకనాడు కాచిన కోట నుండియే తప్పించుకొని ఢిల్లీకి పోవలసి వచ్చినది.

పిమ్మట ఫిరోజ్ షా తుగ్లక్ కొలువులో ఖాన్-ఇ-జహాన్ బిరుదుతో వజీరు అయినాడు. చదువను వ్రాయను రాదని ఆస్థాన చరిత్రకారుడు అఫీఫ్ వ్రాసినాడు. అది పారసీకము మాటయే కావచ్చునని నా అనుమానము. తెలుగు పురాణమును అంకితము పుచ్చుకొన్నవానికి ఏ అక్షరమూ రాకుండునా? రాజ్యభారమంతయు ఆయనపై ఉంచి సుల్తాను దండయాత్రలకు నిశ్చింతగా పోయెడివాడట.

1368 ప్రాంతమున ఆయన కాలధర్మము చెందినాడు. ఢిల్లీలో నిజాముద్దీను ప్రాంతమున ఎనిమిది పలకల సమాధి ఒకటి ఉన్నది. ఆ నగరమున ఆ తీరున కట్టిన సమాధులలో అదియే మొదటిదని చెప్పుదురు. అన్ని పేర్లు మారినను, అక్కడివారు ఆయనను పిలుచు పేరులో ఊరి గుర్తు ఒకటి మిగిలిపోయినది: ఖాన్-ఇ-జహాన్ తిలంగానీ.