రక్తం, వంశం, చట్టం: దక్షిణాఫ్రికా నేర్పిన పాఠం

మన పండుగ సభలలో తరచుగా వినబడే మాట ఒకటి ఉంది: “తెలుగుదనం మన రక్తంలోనే ఉంది” అని. ఆ మాట వెనుక గల అభిమానం మెచ్చదగినదే. అయినా దక్షిణాఫ్రికాలో నాలుగైదు తరాలుగా స్థిరపడిన తెలుగు కుటుంబాలు ఆ మాటను కొంచెం ఆలోచించి వాడవలసి ఉంది. ఎందుకంటే, “అంతా రక్తంలోనే ఉంది” అనే నమ్మకమే ఒకప్పుడు ఈ దేశంలో చట్టమై కూర్చుంది. మన పెద్దలు ఎక్కడ కాపురముండాలి, పిల్లలు ఏ బడికి పోవాలి, ఎవరిని పెండ్లాడాలి అన్నది అదే నిర్ణయించింది. ఆ నమ్మకం ఎట్లా పుట్టి, ఎట్లా పెరిగి, ఎట్లా కూలిందో మన పిల్లలకు చెప్పడం అవసరం.

1860 నవంబరు 16వ తేదీన మద్రాసు నుండి బయలుదేరిన ‘ట్రూరో’ అనే ఓడ దర్బను రేవు చేరింది. అది మొదలు 1911 వరకు మద్రాసు, కలకత్తా రేవుల నుండి 1,52,184 మంది ఒప్పందపు కూలీలుగా నేటాల్‌కు వచ్చారు. విశాఖపట్నం, గంజాం, గోదావరి, ఉత్తరార్కాటు జిల్లాల నుండి వచ్చిన మన పూర్వులు వారిలో ఉన్నారు. ఓడ పట్టికలో ప్రతి మనిషికీ ఒక సంఖ్య, పేరు, తండ్రి పేరు, వయస్సు, కులం, ఊరు, ఎత్తు, ఒంటిమీది పుట్టుమచ్చలు వ్రాసుకున్నారు. వారు మాట్లాడే భాషను వ్రాయడానికి మాత్రం గడి లేదు. మనిషిని గుర్తించడానికి శరీరమూ పుట్టుకా చాలునని ఆనాటి దొరతనం అనుకున్నది.

ఆ ఓడ రావడానికి పదేళ్ల ముందు, 1850లో, ఫ్రాన్సిస్ గాల్టన్ అనే ఆంగ్లేయుడు ఆఫ్రికా నైరుతి భాగానికి, అంటే నేటి నమీబియాకు, పర్యటనకు వచ్చాడు. ఇతడు చార్లెస్ డార్విన్‌కు బంధువు. తెలివితేటలు, గుణగణాలు వంశాన్ని బట్టి వస్తాయనీ, ‘మంచి’ వంశాలను పెంచి ‘చెడ్డ’ వంశాలను తగ్గిస్తే సమాజం బాగుపడుతుందనీ ఇతని వాదం. 1883లో దానికి ‘యూజెనిక్స్’ అని పేరు పెట్టాడు. మనం ‘సుప్రజనన వాదం’ అనవచ్చు. ఇదే కాలంలో గ్రెగర్ మెండెల్ అనే సన్యాసి బఠానీ మొక్కలపై ప్రయోగాలు చేసి, లక్షణాలు తరం నుండి తరానికి ఏ లెక్కన వస్తాయో 1866లో ప్రకటించాడు. లోకం ఆ లెక్కను 1900లో గాని గుర్తించలేదు. మెండెల్ చెప్పినది ప్రయోగంతో తేలిన సత్యం; గాల్టన్ కోరినది సంఘాన్ని గూర్చిన ఒక అభిప్రాయం. ఈ రెండూ కలగలిసిపోవడంతోనే అనర్థం మొదలైంది.

1908లో ఓయిగెన్ ఫిషర్ అనే జర్మన్ శాస్త్రవేత్త నమీబియాలోని రెహోబోత్‌కు వచ్చి, అక్కడ యూరోపియనులకూ స్థానిక స్త్రీలకూ కలిగిన సంతతివారి కొలతలు తీసుకున్నాడు. 1913లో అచ్చయిన తన గ్రంథంలో ఇటువంటి కలయిక యూరోపియను జాతికి హానికరమని వ్రాశాడు. తరువాత 1927 నుండి 1942 వరకు బెర్లినులో మానవ అనువంశికతను అధ్యయనం చేసే సంస్థకు అధిపతిగా ఉన్నాడు. జర్మనీలో 1933లో వచ్చిన చట్టం కింద సుమారు నాలుగు లక్షల మందికి బలవంతంగా సంతానం కలగకుండా శస్త్రచికిత్సలు చేశారు. ‘చెడ్డ రక్తం’ అన్న మాట చివరకు ఏ దారి పట్టిందో ప్రపంచమంతా చూసింది.

దక్షిణాఫ్రికాలోనూ ఆ గాలి వీచింది. 1929లో ఎం. ఎల్. ఫిక్ అనే పరిశోధకుడు బీద తెల్లవారి పిల్లలకు, జూలూ, ‘కలర్డ్’, భారతీయ పిల్లలకు తెలివి పరీక్షలు పెట్టి ఫలితాలు పోల్చాడు. 1939లో, ఆఫ్రికన్ పిల్లల వెనుకబాటు పుట్టుకతో వచ్చినదే అని తేల్చాడు. దీనిని ఖండిస్తూ సైమన్ బీషూవెల్ 1943లో ఒక గ్రంథం ప్రకటించాడు. పిల్లవాడి ఇల్లు, తిండి, బడి, భాష సమానంగా లేనప్పుడు అంకెలను పోల్చి పుట్టుకను నిందించడం శాస్త్రం కాదని అతని వాదం. అయితే శాస్త్రవేత్త జవాబు కంటే రాజకీయం వేగంగా నడిచింది. ప్రిటోరియా విశ్వవిద్యాలయ ఆచార్యుడు జెఫ్రీ క్రోన్యే 1945లో రక్త సంకరాన్ని గూర్చి హెచ్చరిస్తూ పుస్తకం వ్రాశాడు. 1948లో నేషనల్ పార్టీ అధికారంలోకి వచ్చింది. 1949లో జాత్యంతర వివాహాల నిషేధ చట్టం, 1950లో జనాభా నమోదు చట్టం, నివాస ప్రాంతాల విభజన చట్టం వచ్చాయి.

ఇందులో విడ్డూరం ఒకటి ఉంది. రక్తాన్ని కాపాడుతామన్న 1950 చట్టంలో రక్తానికి పరీక్షే లేదు! మనిషి చూడడానికి ఎట్లా ఉన్నాడు, నలుగురూ అతనిని ఏ జాతివాడిగా ఒప్పుకుంటున్నారు అన్నదే కొలబద్ద. అధికారులు జుట్టులో పెన్సిలు దూర్చి, అది నిలుస్తుందా జారుతుందా అని చూసిన సందర్భాలున్నాయి. భారతీయులను మొదట ‘కలర్డ్’ వర్గంలోనే వేసి, 1959లో అందులో ఒక ఉపవర్గంగా ప్రకటించారు. నివాస చట్టం కింద కేటో మేనర్ మొదలైన చోట్ల ఇండ్లు, తోటలు పోగొట్టుకున్న కుటుంబాలు 1960ల నుండి చాట్స్‌వర్త్‌కు తరలవలసి వచ్చింది.

1966లో పీట్ రెటీఫ్ పట్టణంలో తెల్ల దంపతుల కూతురు, పదేళ్ల బాలిక, మేనిచాయ ముదురుగా ఉన్నదని బడి నుండి వెళ్లగొట్టబడి ‘కలర్డ్’గా నమోదైంది. తల్లిదండ్రులు న్యాయస్థానాలకెక్కారు. 1967లో చట్టాన్ని సవరించి తల్లిదండ్రుల జాతిని ప్రధానం చేశాక ఆమె మళ్లీ ‘తెల్ల’ది అయింది. రెండేళ్లలో బిడ్డ రక్తం మారలేదు. కాగితం మాత్రం రెండుసార్లు మారింది.

1961లో విట్‌వాటర్స్‌రాండ్ విశ్వవిద్యాలయ శాస్త్రవేత్త ఫిలిప్ టోబియాస్ ఈ జాతి సిద్ధాంతాలను విమర్శిస్తూ పుస్తకం ప్రకటించాడు. 1972లో రిచర్డ్ లెవాంటిన్ అనే అమెరికన్ లెక్కగట్టగా, మానవులలోని జన్యు వైవిధ్యంలో సుమారు 85 శాతం ఏ ఒక్క జనసమూహంలోనైనా లోపలే కనబడుతుందని తేలింది. జాత్యంతర వివాహాల నిషేధం 1985లోనూ, జనాభా నమోదు, నివాస చట్టాలు 1991లోనూ రద్దయ్యాయి.

ఇతరుల తప్పు ఎంచడంతో సరిపెట్టుకుంటే చాలదు. మన ఇండ్లలోనూ “మంచి రక్తం, మంచి వంశం” అన్న మాట పెండ్లి సంబంధాల వేళ నేటికీ వినబడుతుంది. తోటల్లో ఒకే వరుస గదుల్లో కాపురమున్న మన పూర్వులకు కులం పట్టు సడలింది గాని పూర్తిగా వదలలేదు. అనువంశికత లేదని కాదు. ఉన్నది, అది నిజం. దాని చోటు వైద్యంలో ఉంది. మధుమేహం కుటుంబాలలో నడుస్తుందన్నది మనకు అనుభవమే. అందులో తిండికీ వ్యాయామానికీ కూడ భాగముంది. మేనరికమూ అంతే. మేనత్త, మేనమామ బిడ్డలు తమ జన్యువులలో సగటున ఎనిమిదో వంతు పంచుకుంటారు. మేనమామ, మేనకోడలు నాలుగో వంతు. అందుచేత ఒకే లోపం తల్లి వైపు నుండీ తండ్రి వైపు నుండీ బిడ్డకు చేరే అవకాశం కొంత హెచ్చు. ఆంధ్రలోని ఈ వివాహాలను లెక్కగట్టి పరిశోధించినవారిలో పిఠాపురంలో పుట్టిన ద్రోణంరాజు కృష్ణారావు ఒకరు. ఆయన గురువు జె. బి. ఎస్. హాల్డేన్, 1957లో ఇంగ్లండు వదలి కలకత్తాకు వచ్చిన మహా శాస్త్రవేత్త. జన్యుశాస్త్రాన్ని పెంచిన ఆ హాల్డేనే దానిని జాతి అహంకారానికి వాడరాదని 1938లో గ్రంథం వ్రాశాడు.

ఇప్పుడు మన యువతీ యువకులు ఉమ్మి నమూనా పంపి, తాము ఎంత శాతం ఏ ప్రాంతం వారో తెలుసుకుంటున్నారు. పూర్వుల ఊరు వెదికేవారికి అది కొంత సాయపడవచ్చు. కాని ఏ పరీక్షలోనూ ‘అమ్మా’ అన్న పిలుపు కనబడదు. మన పిల్లలు తమిళ, హిందీ, గుజరాతీ కుటుంబాలతో, జూలూ కుటుంబాలతో, తెల్లవారితో వియ్యమందుతున్నారు. వారి బిడ్డలు సగం తెలుగువారా, పావు తెలుగువారా అని లెక్కలు వేయడం మొదలుపెడితే, ఆ పెన్సిలును మన చేతితో మళ్లీ ఎత్తినట్లే.

భాష రక్తంలో రాదు, నేర్పితే వస్తుంది. ఓడ పట్టికలో గడి లేకపోయినా తెలుగు ఈ గడ్డపై నిలిచిందంటే, పగలంతా పనిచేసి రాత్రి పిల్లలకు పద్యం చెప్పిన తల్లిదండ్రుల వల్ల, 1931లో ఆంధ్ర మహాసభను స్థాపించిన పెద్దల వల్ల, జీతం ఆశించక పాఠం చెప్పిన గురువుల వల్ల నిలిచింది. 1996 రాజ్యాంగంలో ఆరవ ప్రకరణం ఈ దేశ ప్రజల భాషలను గౌరవించి పెంపొందించాలని చెబుతూ, తెలుగును పేరుపెట్టి పేర్కొన్నది. ఒకనాటి చట్టం మనలను చర్మంతో గుర్తించింది. నేటి చట్టం మన భాషను గుర్తించింది. ఆ గుర్తింపు నిలిచేది మన పుట్టుకతో కాదు, ప్రతి ఇంటా పిల్లలకు మనం చెప్పే పాఠంతోనే. అక్షరాలు నేర్వడానికి వచ్చిన ఏ బిడ్డనూ, తల్లి ఎవరు, తండ్రి ఎవరు అని అడగకుండా పలక చేతికిద్దాం.