ఫలజ్ (ఒమన్)

ఒమన్ దేశంలో భూగర్భ జలాన్నో, వాగు నీటినో, ఊట నీటినో కేవలం నేల వాలు మీద ఊళ్లకూ ఖర్జూర తోటలకూ చేర్చే కాలువ ఫలజ్. బహువచనం అఫ్లాజ్. దేశంలో అధిక భాగానికి ఏడాదికి 100 మిల్లీమీటర్ల వాన కూడా పడదు. జెబెల్ అఖ్దర్ కొండల మీద మాత్రం దాదాపు మూడింతలు పడుతుంది. ఆ కొండల పాదాల వెంబడే నిజ్వా, ఇజ్కీ, రుస్తాక్ వంటి పాత పట్టణాలు వెలిశాయి. 1997 నాటి ప్రభుత్వ గణనలో 4,112 ఫలజ్‌లు నమోదు కాగా వాటిలో 3,017 పారుతున్నట్టు తేలింది. 2006లో యునెస్కో ఐదింటిని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది: నిజ్వాలోని దారిస్, బిర్కత్ అల్ మౌజ్‌లోని అల్ ఖత్మైన్, ఇజ్కీలోని అల్ మల్కీ, రుస్తాక్‌లోని అల్ ముయస్సర్, సూర్ ప్రాంతంలోని అల్ జీలా.

యాత్రికుల రచనలు ఎక్కువగా సొరంగాల గురించే చెబుతాయి. ఈ వ్యవస్థను ఇన్ని శతాబ్దాలు నిలబెట్టింది మాత్రం సొరంగం కన్నా ఎక్కువగా నీటి లెక్క. అందుకే ఈ వ్యాసంలో పంపకానికే ఎక్కువ చోటిచ్చాం.

రకాలు

నీటి మూలాన్ని బట్టి ఫలజ్‌లు మూడు రకాలు. వాగుల నుంచి పైపైనే తీసిన ఘైలీ కాలువలు సంఖ్యలో ఎక్కువ, మొత్తంలో దాదాపు సగం. వానలు తప్పితే మొదట ఎండేవి ఇవే. ఐనీ కాలువలు సహజమైన ఊటల నుంచి వస్తాయి. రుస్తాక్‌లో వేడినీటి ఊట మీద ఆధారపడినవీ ఉన్నాయి. దావూదీ కాలువలు సుమారు నాలుగో వంతే అయినా ఏడాది పొడవునా నిలకడగా పారతాయి. కొండ దాపున లోతుగా తల్లిబావి తవ్వి, దాని అడుగు నుంచి ఊరి వైపు స్వల్పమైన వాలుతో సొరంగం తొలుస్తారు. మట్టి పైకి తీయడానికీ లోపలికి గాలి ఆడడానికీ దారి పొడవునా నిలువు గోతులు ఉంటాయి. సొరంగం కొన్ని కిలోమీటర్లు సాగవచ్చు. దారిలో వాగు అడ్డమొస్తే నీటిని ఒక ఒడ్డున కిందికి దించి, వాగు అడుగుగా పంపి, అవతలి ఒడ్డున తిరిగి పైకి రప్పిస్తారు. తవ్వకంలోనూ పూడిక తీయడంలోనూ అవామిర్ తెగవారికి ప్రత్యేకమైన పేరుంది.

పుట్టుక

దావూద్ కుమారుడైన సులేమాన్ ప్రవక్త ఒమన్ మీదుగా ఆకాశమార్గాన వెళ్తూ ఇక్కడి ఎండిన నేలను చూశాడనీ, జిన్నుల చేత పది రోజుల్లో పదివేల కాలువలు తవ్వించాడనీ స్థానిక ఐతిహ్యం. దావూదీ అన్న పేరు దానితోనే ముడిపడి ఉంది.

చరిత్రకారుల్లో మాత్రం ఏకాభిప్రాయం లేదు. ఈ విద్య ఇరాన్‌లో పుట్టి, పర్షియాను ఏలిన అకీమెనిడ్ రాజుల కాలంలో అరేబియా తీరానికి వచ్చిందన్నది చాలాకాలం చెల్లుబాటైన వాదం. 1977లో వెలువడిన జె.సి. విల్కిన్సన్ గ్రంథం ఒమన్ ఫలజ్‌లను పర్షియా సంబంధాల నేపథ్యంలోనే చూసింది. అయితే ఒమన్ సరిహద్దున యు.ఏ.ఇ.లోని అల్ ఐన్ పరిసరాల్లో, ముఖ్యంగా హీలీ వద్ద, పురావస్తు శాస్త్రవేత్త వలీద్ యాసిన్ అల్ తిక్రీతీ బయటపెట్టిన భూగర్భ కాలువలు ఇనుప యుగానికి చెందినవి. వాటిని సుమారు క్రీ.పూ. 1000 నాటివిగా లెక్కగడుతున్నారు. అంటే అకీమెనిడ్ల కన్నా కొన్ని శతాబ్దాల ముందు. మరో పురావస్తు శాస్త్రవేత్త రెమీ బూషర్లా దీనికి ఒక సవరణ సూచించాడు. ఆ తొలి సొరంగాలు వాగు అడుగున ఇంకే లోతులేని నీటిని పట్టుకున్నవే తప్ప, లోతైన జలస్తరాన్ని తొలిచిన ఇరాన్ సొరంగ కాలువల (ఖనాత్‌ల) వంటివి కావని ఆయన వాదన. అందుబాటులో ఉన్న తవ్వకాల ఆధారాలను బట్టి, కాలువ పద్ధతి స్థానికంగానే మొదలైందనీ, లోతు తవ్వకం తరువాత చేరిందనీ అనుకోవడమే సబబు. యునెస్కో పత్రం క్రీ.శ. 500ను పేర్కొంటూనే, ఈ ప్రాంతంలో సాగునీటి ఏర్పాట్లు క్రీ.పూ. 2500 నాటికే ఉండవచ్చని కూడా అంటుంది. రెండోది ఏదో ఒక రకమైన పారుదలకు వర్తించే తేదీగా తీసుకోవాలి. దాన్ని ఫలజ్‌ల వయసుగా ఎత్తి రాయడం సరికాదు.

చారిత్రక కాలంలో యారుబీ వంశపు ఇమామ్ మొదటి సైఫ్ బిన్ సుల్తాన్ (పాలన 1692–1711) పదిహేడు ఫలజ్‌లను తవ్వించాడని లేదా బాగు చేయించాడని చెబుతారు. పాతవాటి పునరుద్ధరణే అందులో ఎక్కువ భాగం కావచ్చు.

నీటి వాటాలు

ఫలజ్ నీరు ఊళ్లోకి రాగానే మొదటి హక్కు దాహానిది. కాలువ బయటపడే చోట ఎవరైనా, బాటసారి అయినా, కడవ ముంచుకోవచ్చు. దానికి వాటా అక్కరలేదు. తరువాత మసీదులో వజూకు (ప్రార్థనకు ముందు శుద్ధికి), ఆడవారికీ మగవారికీ వేరువేరుగా కట్టిన స్నానఘట్టాలకు నీరు వెళ్తుంది. అవి దాటాకే సాగు. సాగులోనూ వరుస ఉంది. ఏళ్ల తరబడి పెంచిన ఖర్జూర చెట్లు ముందు, గోధుమ, ఉల్లి, పశుగ్రాసం వంటి ఏటి పంటలు వెనుక. ఏటి పంటల నేలను కాలువ చివర ఉంచుతారు. ఏ ఏటికా ఏడు ప్రవాహం చూసుకుని దాన్ని పెంచుతారు, తగ్గిస్తారు. కరువు దెబ్బ పంట మీద పడుతుంది, చెట్టు బతుకుతుంది.

సాగునీటిని పరిమాణంతో కాక కాలంతో కొలుస్తారు. ప్రధాన కొలత అథర్, సాధారణంగా అరగంట. ఇరవై నాలుగు అథర్లు ఒక బద్దా, అంటే ఒక పగలు లేదా ఒక రాత్రి. అథర్‌ను మళ్లీ ఇరవై నాలుగు ఖియాస్‌లుగా విడగొడతారు. ఆ లెక్కన ఒక ఖియాస్ 75 సెకన్లు. ఊరును బట్టి ఈ విలువలు కొంత మారతాయి. వాటాదారులందరి వంతులూ ఒక చుట్టు పూర్తి కావడానికి సాధారణంగా వారం నుంచి రెండు వారాలు పడుతుంది. చుట్టులో బద్దాల సంఖ్య బేసి అయినచోట, ఈసారి రాత్రి నీరు పెట్టుకున్న రైతుకు మరుసటి చుట్టులో పగటి వంతు వస్తుంది. రాత్రి కాపలా కష్టం ఒక్కడి నెత్తినే పడకుండా ఈ లెక్క చూస్తుంది. ప్రవాహం తగ్గినా వంతు కాలం మారదు కనుక లోటు అందరికీ వాటాల దామాషాలోనే పడుతుంది.

పగటి వంతును నీడ చెబుతుంది. కాలువ దగ్గరి బయలులో ఒక కొయ్య నిలువుగా పాతి, నేల మీద వరుసగా రాళ్లతోనో గీతలతోనో గుర్తులు పెడతారు. నీడ ఒక గుర్తు నుంచి మరో గుర్తుకు జరిగేసరికి ఒకరి వంతు ముగిసి ఇంకొకరిది మొదలవుతుంది. వంతు వచ్చిన రైతు తన మడి ముఖాన అడ్డుపెట్టిన గుడ్డ చుట్టిన రాయిని తీసి, ప్రధాన కాలువకు అడ్డంగా పెడతాడు. రాత్రి నక్షత్రాలే గడియారం. ఫలానా చుక్క ఫలానా కొండ అంచునో గోడ అంచునో దాటడమే గుర్తు. కొద్ది ఊళ్లలో ఈ పద్ధతి ఇరవై ఒకటో శతాబ్దంలోనూ కొనసాగుతుండగా పరిశోధకురాలు హారియెట్ నాష్ దాన్ని నమోదు చేసింది. ఒక చుక్కకూ మరో చుక్కకూ మధ్య కాలం అన్నిసార్లూ సమానం కాదని కూడా ఆమె పరిశీలనలో తేలింది. ఇప్పుడు చాలాచోట్ల చేతి గడియారమే వాడుతున్నారు.

నీటి వాటా భూమికి అంటిపెట్టుకుని ఉండదు. దాన్ని విడిగా అమ్మవచ్చు, కౌలుకివ్వవచ్చు, వారసులకు పంచవచ్చు, మసీదుకో బడికో వక్ఫ్ చేయవచ్చు. కొన్ని వాటాలు ఏ మనిషివీ కావు, ఫలజ్ సొంతానివి. వాటిని వేలం వేయగా వచ్చిన సొమ్ముతో పూడిక తీస్తారు, కూలిన సొరంగం కడతారు. దీంతో మరమ్మతుకు చందాలు వసూలు చేసే పని, ఎవరు ఇవ్వలేదన్న తగవు, చాలా మేరకు లేకుండా పోతాయి. మన చెరువుల కింద నీరటి చేసే పని ఇక్కడ పలువురి మధ్య చీలి ఉంటుంది: వకీల్ మొత్తం యాజమాన్యం చూస్తాడు, ఆరిఫ్ వంతుల వరుస నడుపుతాడు, మరొకరు లెక్కల దఫ్తరు ఉంచుతారు, దల్లాల్ వేలం పాడతాడు. చిన్న ఫలజ్‌లలో ఇవన్నీ ఒక్కరే చేయడమూ కద్దు. తగవు తెగకపోతే షేక్ దగ్గరికి, అక్కడా తేలకపోతే న్యాయస్థానానికి వెళ్తుంది.

ప్రభుత్వ చట్టాలు

తల్లిబావి చుట్టూ మరో బావి తవ్వకూడని హద్దును ఇస్లామిక్ న్యాయం హరీమ్ అంటుంది. పూర్వం దాన్ని మూరల్లో కొలిచేవారు. చేద బావికి ఆ హద్దు సరిపోయింది. డీజిల్ పంపు ముందు అది నిలవలేదు. 1970 తరువాత గొట్టపు బావులు విపరీతంగా పెరిగాయి. బాతినా తీరంలో తోడకం మితిమీరి సముద్రపు ఉప్పునీరు జలస్తరంలోకి చొరబడింది.

1988 నాటి 82/88 రాజాజ్ఞ నీటి నిల్వలను జాతీయ సంపదగా ప్రకటించింది. మరుసటి ఏడు జలవనరులకు ప్రత్యేక మంత్రిత్వ శాఖ ఏర్పడింది. బావుల గణన జరిగింది, కొత్త బావికి అనుమతి తప్పనిసరైంది, ఫలజ్ తల్లిబావికి 3.5 కిలోమీటర్ల లోపు బావి తవ్వకాన్ని నిషేధించారు. 2000లో 29/2000 రాజాజ్ఞగా జలసంపద రక్షణ చట్టం, 2017లో వారసత్వ జాబితాలోని ఫలజ్‌ల కోసం 39/2017 రాజాజ్ఞ వచ్చాయి. శాఖ పలుమార్లు విలీనమై, 2020 నుంచి వ్యవసాయ, మత్స్య శాఖలతో కలిసి ఉంది. 1985 నాటి అల్ ఖౌద్ ఆనకట్ట వంటివి వరదనీటిని ఆపి భూమిలోకి ఇంకించడానికి కట్టినవి. మస్కట్ తాగునీటి భారం 1976లో ఘుబ్రాలో మొదలైన ఉప్పునీటి శుద్ధితో సముద్రం మీదికి మళ్లింది.

ఈ చట్టాలు కాలువనూ జలస్తరాన్నీ కాపాడతాయి. వాటాల లెక్కను మాత్రం ఆచారానికే వదిలాయి. ఆ నిర్ణయం సరైనదే. అరగంటల వంతులను రాజధాని నుంచి నడపడం ఏ కార్యాలయానికీ సాధ్యం కాదు. కానీ వారసత్వం వల్ల వాటాలు నిమిషాల్లోకి ముక్కలయ్యాయి. వాటాదారులు పలువురు నగరాల్లో ఉద్యోగాలు చేస్తూ తోట పనిని దక్షిణాసియా నుంచి వచ్చిన కూలీలకు అప్పగించారు. ఎండిపోతున్న ఫలజ్‌లకు ప్రభుత్వం సహాయక బావులు తవ్వించి నీరు కలుపుతోంది. ఇది చెట్లను బతికిస్తుంది కానీ, నీరు తగ్గినప్పుడు సాగును తగ్గించుకునే పాత క్రమశిక్షణను సడలిస్తుందన్న విమర్శ ఉంది. దాన్ని తోసిపుచ్చడం కష్టం.

దక్కనులో పోలిక

1956 దాకా హైదరాబాద్ రాష్ట్రంలో ఉన్న బీదర్‌లో బహమనీల నాటిదిగా భావించే కారేజ్ ఇదే కుటుంబానికి చెందిన సొరంగం. నిలువు గోతులు, స్వల్ప వాలు రెండింటా ఒకటే. బీదర్ కారేజ్ ప్రధానంగా పట్టణానికీ కోటకూ తాగునీటి కోసం ఏర్పడినట్టు కనిపిస్తుంది. పూడిపోయిన దాని భాగాలను గత పదేళ్లలో కొంతమేర శుభ్రం చేశారు.