టీవీ రాకముందు మన టాక్ షో: బుర్రకథ

మధ్యాహ్నం టీవీ పెడితే ఏదో ఒక ఛానల్లో యాంకర్, పక్కన పంచులేసే ఇంకొకరు ఉంటారు కదా. తెనాలి, బాపట్ల, రేపల్లె వైపు తాతయ్యల్ని అడగండి, ఈ సెటప్ వాళ్లకి కొత్తేం కాదు. హైదరాబాద్‌లో దూరదర్శన్ మొదలైందే 1977లో. దానికి ముప్పై ఏళ్ల ముందే ఊరి మధ్య ముగ్గురు నిలబడి గంటలకి గంటలు నడిపిన షో ఉంది. అదే బుర్రకథ.

మధ్యలో కథకుడు, భుజాన తంబురా, వేళ్లకి అందెలు. అటొకరు ఇటొకరు వంతలు, వాళ్ల దగ్గర డక్కీలు. స్కూల్ యానివర్సరీలో చూసి "తందాన అంటారు, అంతేగా" అనుకుంటాం. అసలు మజా ఆ ఇద్దరి డ్యూటీలో ఉంది. ఒకరిది హాస్యం, ఇంకొకరిది రాజకీయం.

కథ బొబ్బిలి యుద్ధం అనుకోండి. 1757 నాటిది. కథకుడు ఆ కాలంలోనే ఉంటాడు. హాస్యగాడు మధ్యలో ఆపి, "అన్నా, అప్పుడు కూడా ఇలాగే ధాన్యం పట్టుకుపోయేవాళ్లా?" అంటాడు. (ఈ డైలాగ్ నేను అల్లిందే, పద్ధతి మాత్రం వాళ్లది.) జనం నవ్వుతారు. ఆ నవ్వు ఆగేలోపు రాజకీయం చెప్పేవాడు అందుకుని సరాసరి ఇవాళ్టి సంగతికి వచ్చేస్తాడు. ఎవరైనా నిలదీస్తే? మేం చెప్పేది పాత కథే కదండీ!

సర్కారుకి ఇది అర్థం కాకుండా ఉంటుందా? అటు మద్రాసు ప్రభుత్వం, ఇటు నిజాం ప్రభుత్వం బుర్రకథని నిషేధించాయి. నవ్వించే ప్రోగ్రాంకి భయపడ్డారంటే చూడండి.

దీనికి పెద్ద స్టార్ మన గుంటూరు జిల్లావాడే. షేక్ నాజర్, 1920లో పొన్నెకల్లులో పుట్టాడు. ప్రజానాట్యమండలితో ఊరూరా తిరిగాడు. పల్నాటి యుద్ధం, అల్లూరి సీతారామరాజు ఒకెత్తు, బెంగాల్ కరువు కథ ఒకెత్తు. ఎక్కడో కలకత్తా వైపు 1943లో జనం ఆకలితో చచ్చిపోతుంటే, పేపర్ చదవడం రాని మన రైతుకి ఆ వార్త తెచ్చింది ఈ ముగ్గురే. ఆడవాళ్లూ తక్కువేం కాదు, మోటూరి ఉదయం మహిళా దళం కట్టి కథలు చెప్పింది.

నాజర్‌కి 1986లో పద్మశ్రీ వచ్చింది. 1997లో చనిపోయాడు. ప్రభుత్వాలు కుటుంబ నియంత్రణ ప్రచారానికి కూడా బుర్రకథనే పిలిచాయి. అందులోనూ ముగ్గురూ ఉంటారు. కాకపోతే రాజకీయం చెప్పేవాడు స్కీముల పేర్లు చదువుతుంటే, పక్కవాడు జోక్ ఎవరి మీద వెయ్యాలో తెలీక డక్కీ కొడుతుంటాడు.