విశాఖ చలనచిత్ర చరిత్రలో సురభి కమలాబాయి: నటన, దర్శకత్వం, గుర్తింపు

వ్యాససంగ్రహం: తొలి తెలుగు టాకీ కథానాయికగా సురభి కమలాబాయి ప్రసిద్ధురాలు. విశాఖపట్నంలో నిర్మితమైన 'భక్త జయదేవ' (1938) దర్శకత్వంలో ఆమె పాత్రకు మాత్రం తగిన ప్రాధాన్యం లభించలేదు. ఈ విస్మరణకు గల కారణాన్ని ఈ వ్యాసం పరిశీలిస్తుంది.

కీలకపదాలు: సురభి నాటకసమాజం, తొలి టాకీలు, విశాఖపట్నం, మహిళా దర్శకత్వం.

1. ఉపోద్ఘాతం

యారాడ కొండల వరుస సముద్రంలోకి చొచ్చుకువచ్చిన చోటు డాల్ఫిన్స్ నోస్. దాని చాటున 1933లో విశాఖ నౌకాశ్రయం ప్రారంభమైంది. తరువాత అయిదేళ్ళకు ఆ నగరంలోనే ఆంధ్రా సినీటోన్ సంస్థ 'భక్త జయదేవ' చిత్రాన్ని నిర్మించింది. తెలుగు చిత్రాలు అధికంగా బొంబాయి, కలకత్తా, మద్రాసు స్టూడియోలలో తయారవుతున్న కాలమది. తెలుగు నేలపై రాజమండ్రిలో 1936లో నిడమర్తి సూరయ్య నెలకొల్పిన దుర్గా సినీటోన్ తరువాత జరిగిన ముఖ్యప్రయత్నంగా దీనిని పరిగణించవచ్చు.

2. రంగస్థలం నుండి వెండితెరకు

కమలాబాయి 1907లో సురభి నాటక కుటుంబంలో జన్మించారు. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో 'కీచకవధ' ప్రదర్శనతో ఆరంభమైన ఈ సమాజంలో స్త్రీ పాత్రలను స్త్రీలే ధరించడం విశేషం. అక్కడ నటన ఒక్కటే వృత్తి కాదు. గానం, ఆహార్యం, రంగాలంకరణ, ప్రదర్శన నిర్వహణ అన్నీ కుటుంబ సభ్యుల ఉమ్మడి బాధ్యతలు. ఈ శిక్షణ ఆమె తదనంతర జీవితాన్ని అర్థం చేసుకోవడానికి కీలకం.

హెచ్.ఎం. రెడ్డి దర్శకత్వంలో రూపొంది, 1932 ఫిబ్రవరి 6న బొంబాయిలో విడుదలైన 'భక్త ప్రహ్లాద'లో ఆమె లీలావతి పాత్ర ధరించారు. అదే సంవత్సరం సాగర్ మూవీటోన్ వారి 'పాదుకా పట్టాభిషేకం', 'శకుంతల' చిత్రాలలోనూ నటించారు. నేపథ్యగానం ఇంకా స్థిరపడని ఆ రోజులలో పాడగల నటి అవసరం టాకీకి ఎంతో ఉండేది.

3. 'భక్త జయదేవ': దర్శకత్వ బాధ్యత

ఈ చిత్రానికి దర్శకునిగా వచ్చిన బెంగాలీ వ్యక్తి మధ్యలో తప్పుకోగా, చిత్రంలో నటిస్తున్న కమలాబాయి మిగిలిన భాగాన్ని పూర్తి చేశారని తెలుగు సినిమా చరిత్రకారులు నమోదు చేశారు. అయినప్పటికీ తొలి తెలుగు మహిళా దర్శకురాలిగా 'చండీరాణి' (1953) రూపొందించిన భానుమతి పేరే సర్వసాధారణంగా వినిపిస్తుంది.

ఇతర భాషల ఉదాహరణలతో పోల్చినపుడు ఈ భేదానికి కారణం స్పష్టమవుతుంది. 1926లో 'బుల్‌బులే పరిస్తాన్' తీసిన ఫాత్మా బేగంకు సొంత సంస్థ ఉంది. తొలి తమిళ టాకీ 'కాళిదాస్' నాయిక టి.పి. రాజలక్ష్మి 1936లో 'మిస్ కమల'ను సొంత సంస్థ ద్వారానే నిర్మించి, దర్శకత్వం వహించారు. భానుమతికి భరణి సంస్థ అండ ఉంది. ఈ ముగ్గురికీ తెరపై తమ పేరును తామే నిర్ణయించుకునే అధికారం దక్కింది. కమలాబాయి మాత్రం అన్యుల సంస్థలో పారితోషికానికి పనిచేసిన నటి. దర్శకత్వం ఆమె చేసిన పని అయింది కానీ ఆమెకు దక్కిన హోదా కాలేకపోయింది.

అయితే పాక్షిక నిర్వహణను పూర్తి దర్శకత్వంతో సమానం చేయడం కూడా సముచితం కాదు. భానుమతి స్థానాన్ని ఇది తగ్గించదు. 'తొలి' అనే ఒక్క విశేషణానికై సాగే వాదంలో, పేరు లేకుండా జరిగిన శ్రమ మరుగున పడుతున్నదన్నదే ఇక్కడి విషయం.

4. ముగింపు

1951లో విడుదలైన 'పాతాళభైరవి'లో తోటరాముని తల్లిగా కనిపించిన కమలాబాయిని ప్రేక్షకలోకం ఆ పాత్రతోనే గుర్తుపెట్టుకుంది. నేడు యారాడ తీరం సినిమా చిత్రీకరణలకు సుపరిచితమైన స్థలం. ఆ కొండకు ఆవలి ఒడ్డున ఉన్న నగరంలో 1938లోనే ఒక స్త్రీ చిత్రనిర్మాణ భారాన్ని మోసిన వృత్తాంతం మాత్రం అంతగా ప్రచారంలో లేదు. తొలి టాకీల చరిత్రను కేవలం తెరపై ప్రకటించిన పేర్ల ఆధారంగా గాక, నిర్మాణ ప్రక్రియలో ఎవరు ఏ పని చేశారన్న దృష్టితో పునఃపరిశీలించవలసి ఉంది. అట్టి పరిశీలనకు కమలాబాయి జీవితం సముచితమైన ఆరంభం.