'బేగార్' అంటే ఎవరి చాకిరి?

భారత రాజ్యాంగం ఇంగ్లీషు ప్రతి తీసి 23వ అధికరణం చదివితే ఒక మాట దగ్గర ఆగిపోతాం. మనుషులతో వ్యాపారం చేయడాన్నీ, 'బేగార్'నూ, అలాంటి ఇతర బలవంతపు చాకిరీలనూ నిషేధిస్తున్నట్టు అక్కడ రాసి ఉంది. చుట్టూ ఉన్నదంతా బారిస్టర్ల ఇంగ్లీషు. మధ్యలో ఈ ఒక్క మాట మాత్రం మన పల్లెల మీదుగా వచ్చింది. దీని అర్థమేమిటో రాజ్యాంగంలో ఎక్కడా లేదు. అంటరానితనం సంగతీ అంతే. 17వ అధికరణం దాన్ని రద్దు చేసింది గానీ అదేమిటో చెప్పలేదు.

అందరికీ తెలిసిన మాటకు నిర్వచనం ఎందుకులే అనుకున్నారేమో. తెలిసింది ఎవరికి? రాజుగారి వేటకు వెళ్ళి బురదలో నిలబడ్డవాడికి తెలిసిన బేగార్ ఒకటి. చచ్చిన గొడ్డును మోసినవాడికి తెలిసిన బేగార్ ఇంకొకటి. కోర్టులు ఏ అర్థాన్ని పట్టుకున్నాయి, చట్టాలు దేన్ని వదిలేశాయి, వదిలేసింది మళ్ళీ ఎప్పుడొచ్చి చేరింది అన్నది ఈ వ్యాసంలో చూడాలనుకుంటున్నాం. లా చదివే పిల్లలకు ఇది పరీక్షలో రెండు మార్కుల ప్రశ్న కావచ్చు. మనకు అంతకంటే పెద్దది.

ముందు మాట సంగతి. బేగార్ ఫారసీ నుంచి ఉర్దూ, హిందీ, మరాఠీల్లోకి వచ్చింది. నిజాం రాజ్యంలో దఫ్తరు భాష మొదట ఫారసీ, తర్వాత ఉర్దూ కాబట్టి తెలంగాణ పల్లెల్లోకీ దిగింది. అంతకుముందు నుంచీ మనకున్న మాట వెట్టి. సంస్కృతంలో విష్టి అంటారు. క్రీ.శ. 150 నాటి జునాగఢ్ శాసనంలో రుద్రదాముడు సుదర్శన తటాకాన్ని బాగు చేయించి, దానికోసం ప్రజల మీద పన్నుగానీ విష్టిగానీ వేయలేదని గొప్పగా చెప్పుకున్నాడు. వేయకపోవడం గొప్ప అయిందంటే వేయడం మామూలన్నమాట. తర్వాతి కాలపు దానశాసనాల్లో బ్రాహ్మణులకిచ్చిన గ్రామాలను విష్టి నుంచి మినహాయించినట్టు రాస్తారు. మన పాఠ్యపుస్తకాలు దీన్ని రాజుల ఔదార్యంగా చెబుతాయి. రాజుకు పోవాల్సిన చాకిరీ ఆగిందా, దానం పుచ్చుకున్నవాడి ఇంటికి మళ్ళిందా అని మాత్రం అడగవు. రెండోదే జరిగిందని మా అభిప్రాయం.

వెట్టి, బేగార్ నిఘంటువులో ఒకటే అయినా ఊళ్ళో ఇవి వట్టి పని పేర్లు కావు, మనుషుల పేర్లు కూడా. మద్రాసు ప్రెసిడెన్సీ రెవెన్యూ లెక్కల్లో తలారి, నీరుగంటి పక్కనే 'వెట్టి' అనే గ్రామ నౌకరు కనిపిస్తాడు. తమిళ జిల్లాల్లో 'వెట్టియాన్' అంటే శ్మశానంలో పనిచేసేవాడు. తెలంగాణలో చాలా ఊళ్ళలో 'బేగరి' అంటే మాలల్లో కొన్ని కుటుంబాలకు తరతరాలుగా అంటగట్టిన పని. చావు కబురు మోయాలి, గుంత తవ్వాలి, పటేల్ పట్వారీలు ఎటు పంపితే అటు పోవాలి, అధికారి దిగితే మూటలు మోయాలి. రాజ్యాంగం నిషేధించిన ఆ మాట ఈనాటికీ అక్కడ ఇంటిపేరుగా ఉంది. బడి హాజరు పట్టీలో పంతులు రోజూ దాన్ని చదువుతాడు. దేశ్‌ముఖ్, పటేల్ కూడా ఒకప్పటి ఉద్యోగాల పేర్లే. అవి పిలిపించుకోవడానికి బాగుంటాయి.

ఇక రాజ్యాంగ సభ. 1948 డిసెంబర్ 3న ఈ అధికరణం (అప్పటి ముసాయిదాలో 17వది) చర్చకు వచ్చింది. జాతీయోద్యమ జ్ఞాపకంలో బేగార్ అంటే ఎక్కువగా కుమావూఁ కొండల 'కూలీ బేగార్'. దొరల సామాన్లు మోసే వంతుల లెక్కలున్న రిజిస్టర్లను 1921 జనవరిలో బాగేశ్వర్ దగ్గర సరయూ నదిలో పారేసిన పోరాటం అది. లేదా సంస్థానాల రాజుల జులుం. ఆ రోజు సభలో భరత్‌పూర్ నుంచి వచ్చిన రాజ్ బహదూర్ అదే చెప్పారు. రాజుల బాతుల వేట కోసం చలికాలంలో జనాన్ని పట్టుకొచ్చి పొద్దంతా బురదలో నిలబెట్టేవారని వివరించారు. నిజమే, ఘోరమే. కానీ ఆ కథలో దోషి రాజు. రాజు పోతే బేగార్ పోతుంది.

అదే చర్చలో కర్నూలు ప్రాంతపు దళిత సభ్యుడు ఎస్. నాగప్ప లేచి మాట్లాడారు. ఆయన చెప్పిన బేగార్‌లో రాజు లేడు, ఊరు ఉంది. పశువు చస్తే యజమాని హరిజనులను పిలిపిస్తాడు. వాళ్ళు కళేబరాన్ని తీసేయాలి, తోలు ఒలవాలి, ఊనాలి, చెప్పులు కుట్టి ఉత్తినే ఇవ్వాలి. దానికి ముట్టేది పండగనాడు కాస్త తిండి. పెద్దింట్లో పెళ్ళి వస్తే ఇల్లంతా సున్నాలు వేయాలి, ఆ పూట కూడే కూలి. అక్కడితో ఆగలేదు. ఈ చాకిరీ సర్కారు కూడా చేయించుకుంటోందన్నారు. హత్య జరిగి పోస్టుమార్టం అయ్యాక శవాన్ని మోయడానికీ, మిగతా తంతు నడిపించడానికీ పోలీసులు పట్టుకొచ్చేది ఈ జనాన్నే అని సభకు చెప్పారు.

అప్పట్లో నాగప్ప వాడిన 'హరిజన' అనే మాటను మనం ఇప్పుడు వాడం. ఆయన కాంగ్రెస్ సభ్యుడు కాబట్టి మన చరిత్రల్లో ఆయనకు చోటు చిన్నది. అయినా ఆ ఉపన్యాసాన్ని బేగార్‌కు మొదటి వ్యాఖ్యానంగా చదవాలంటున్నాం. గొడ్డు, చెప్పు, సున్నం, శవం అని నాలుగు ఆనవాళ్ళు ఇచ్చారాయన. అందులో రెండు విషయాలు తేలాయి. ఒకటి, ఈ చాకిరీ ఎవరు చేయాలో కులం ముందే తేల్చిపెట్టింది. రెండు, ఇందులో కూలి పూర్తిగా లేకపోవడమనేది ఉండదు, ఏదో ఒకటి విదిలిస్తారు.

ఈ రెండోది చాలా ముఖ్యం. 'డబ్బివ్వకుండా చేయించుకునే పని' అని బేగార్‌ను నిర్వచిస్తే ఊరి పెద్దలు హాయిగా తప్పించుకుంటారు. "కల్లంలో మేర కొలుస్తున్నాం గదా, మాన్యం ఇచ్చాం గదా, ఇంక వెట్టి యాడుంది?" అంటారు. అంబేద్కర్‌కు ఈ కిటుకు ముందే తెలుసు. 1928లో బొంబాయి శాసనమండలిలో మహర్ వతన్ మీద ఆయన బిల్లు తెచ్చింది ఇందుకే. వతన్ భూమి, ఊరి నుంచి వచ్చే బలుత గింజలు చూపించి మహర్ కుటుంబాన్నంతా రాత్రింబగళ్ళు సర్కారు చాకిరీకి కట్టేశారని ఆయన వాదన. ఆ బిల్లు నెగ్గలేదు, 1929లో వెనక్కి తీసుకున్నారు. బొంబాయి రాష్ట్రం ఆ వతన్లను రద్దు చేసే చట్టం చేసేసరికి 1958 అయింది. అప్పటికి ఆయన లేరు.

నాగప్ప మాటలు సభా చర్చల సంపుటాల్లో ఉండిపోయాయి. కోర్టు మాత్రం నిఘంటువులు తెరిచింది. 1982లో ఆసియా క్రీడల కట్టడాల కూలీల కేసు సుప్రీంకోర్టుకు వచ్చింది. రోజు కూలి 9 రూపాయల 25 పైసలు. అందులో రూపాయి జమాదార్లు కమీషన్‌గా కోసుకునేవారు. బేగార్ అంటే ఏమిటన్న ప్రశ్న వచ్చినప్పుడు జస్టిస్ భగవతి తీర్పులో మోల్స్‌వర్త్ మరాఠీ నిఘంటువునూ, విల్సన్ 1855లో అచ్చేసిన రెవెన్యూ పదకోశాన్నీ చూశారు. ప్రభుత్వమో అధికారం ఉన్నవాడో ప్రతిఫలం లేకుండా పీడించి చేయించుకునే పని అని మొదటిది చెబుతుంది. బరువులు మోయడానికి పట్టుకొచ్చిన మనిషి అని రెండోది. ఇద్దరూ ఇంగ్లీషువాళ్ళే. కంపెనీ కొలువులో తిరుగుతూ తమ డేరాలు ఎవరు మోస్తున్నారో చూసి రాసుకున్న అర్థాలివి. మోసినవాడి కులం వాళ్ళ నిర్వచనంలోకి రాలేదు.

అయినా ఆ తీర్పు గొప్పదే, కాదనం. 'అలాంటి ఇతర' అన్న పదాలు పట్టుకుని, కూలి ఇచ్చారు కాబట్టి ఇది బేగార్‌లాంటిది కాదన్న వాదనను కోర్టు కొట్టేసింది. కనీస వేతనం కంటే తక్కువకు చేయించినా బలవంతపు చాకిరీయే అంది. కర్ర పట్టుకుని నిలబడితేనే బలవంతం కాదు, ఆకలీ లేమీ కూడా బలవంతమే అంది. 'మేర ఇస్తున్నాం' అనేవాళ్ళ నోరు మూయించడానికి మనకు దొరికిన మంచి ఆయుధం అది. దాన్ని కూలి రేట్ల కేసుల్లోనే వాడుకున్నాం, ఊరి చాకిరీ మీద ఎక్కుపెట్టింది తక్కువ.

వెట్టి అన్న తెలుగు మాట కూడా చట్టంలోకి ఎక్కింది. 1976 నాటి వెట్టిచాకిరీ వ్యవస్థ రద్దు చట్టంలో దేశంలోని రకరకాల బలవంతపు చాకిరీల పేర్ల జాబితా ఉంది. జీతా, పాలేరు, భగేలా అన్నీ ఉన్నాయి. అన్నిటికంటే చివర 'వెట్టి'. ఆ జాబితా ఎందుకిచ్చారో చూడండి. ఈ పేర్లున్న చోట అప్పిచ్చినవాడికీ తీసుకున్నవాడికీ మధ్య ఒప్పందం ఉన్నట్టు ఊహించుకోవాలట. జీతగాడికి ఇది సరిపోతుంది, అతను పెళ్ళికో జబ్బుకో అప్పు తెచ్చుకుని దొర దగ్గర కుదిరాడు. వెట్టివాడు ఎవరి దగ్గర ఏం తెచ్చాడు? చావు కబురు మోయడానికి బయానా పుచ్చుకున్నవాడెవడూ లేడు. పుట్టిన కులాన్ని బట్టి చేసే చాకిరీ కూడా ఈ నిర్వచనంలో ఒక ఉపవాక్యంగా ఉందని ఒప్పుకోవాలి. కానీ వాక్యం మొదలయ్యేది రుణగ్రస్తుడితోనే. అందుకే అధికారి ఊరికొచ్చి మొదట అడిగేది "ఎంత అప్పున్నావు?" అని. లేదు అంటే వెట్టి లేదని రాసుకుపోతాడు.

తెలంగాణ సాయుధ పోరాటం (1946–51) గురించి రాసినవాళ్ళు వెట్టిని బాగానే రాశారు. దొర గడీకి అన్ని కులాలూ ఏదో ఒకటి ఉచితంగా ఇవ్వాల్సి వచ్చేదనీ, మాల మాదిగల మీద భారం అన్నిటికంటే ఎక్కువనీ వాళ్ళే చెప్పారు. గడీ వెట్టి కూలింది, అది చిన్న సంగతి కాదు. కానీ గొడ్డు మోయించుకున్నది దొర ఒక్కడేనా? గడీ మీదికి కలిసి వెళ్ళిన రైతు ఇంట్లో ఎద్దు చస్తే కబురు మాదిగవాడకే వచ్చింది. ఈ ప్రశ్నను మేము ఎవరినీ చిన్నబుచ్చడానికి అడగడం లేదు. వెట్టిని భూస్వామి పీడనగా మాత్రమే చూస్తే నాగప్ప చెప్పిన నాలుగింట్లో సగం కనిపించకుండా పోతుందని అడుగుతున్నాం.

బేగార్‌కు కులం తోడై చట్టంలోకి వచ్చింది 1989లో. కారంచేడు (1985 జులై 17) తర్వాత, దేశమంతా దళితుల మీద జరిగిన ఊచకోతల తర్వాత వచ్చిన ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం మూడో సెక్షన్‌లో ఎస్సీ, ఎస్టీలతో బలవంతంగానో ఆశపెట్టో బేగార్ చేయించడాన్ని నేరం చేశారు. ఆరు నెలల నుంచి ఐదేళ్ళ దాకా శిక్ష. 2015లో ఈ చట్టాన్ని సవరించారు, 2016 జనవరి 26 నుంచి అమల్లోకి వచ్చింది. అక్కడ రెండు మార్పులు గమనించాలి. 'అలాంటి ఇతర' అన్నదాంట్లో 'అలాంటి' పోయింది, ఏ రకం బలవంతపు చాకిరీ అయినా నేరమే. రెండోది, బేగార్ పక్కనే కొత్త నేరాలు చేరాయి. మనిషి శవాన్నో పశువు కళేబరాన్నో బలవంతంగా మోయించడం, పారవేయించడం, గుంత తవ్వించడం. నాగప్ప 1948లో చెప్పినవే. సభలో ఒక దళితుడు నోటితో చెప్పింది ఈ చట్టపు అక్షరాల్లోకి రావడానికి 67 ఏళ్ళు పట్టింది.

ఒకటి మాత్రం ఇంకా అలాగే ఉంది. రాజ్యాంగం 23వ అధికరణం రెండో భాగం ప్రజా ప్రయోజనం కోసం రాజ్యం నిర్బంధ సేవ విధించవచ్చంటుంది. కులం, మతం, జాతి, వర్గం చూసి వివక్ష చేయకూడదని షరతు పెట్టింది. 1989 చట్టంలోనూ 2015 సవరణలోనూ ప్రభుత్వం విధించే అలాంటి సేవకు మినహాయింపు ఉంది. ఈ మినహాయింపుకు పాత చరిత్ర ఉంది. 1858 నాటి మద్రాసు నిర్బంధ శ్రమ చట్టం చెరువుకట్టలు తెగే ప్రమాదం వస్తే జనాన్ని పిలిపించే అధికారం ఊరి పెద్దలకిచ్చింది. పిలవాల్సింది ఎవరిని? చుట్టుపక్కల శ్రామిక వర్గాల్లో ఒంట్లో సత్తువున్న మగవాళ్ళను. ఆ చెరువు కింద మాగాణి ఎవరిదైనా కానీయండి, కట్ట మీదికి పోవాల్సింది మాత్రం వీళ్ళు.

రాజ్యాంగం పెట్టిన షరతు ఈ పద్ధతికి సరిగ్గా ఎదురు. కాబట్టి పోలీసులో, రెవెన్యూవాళ్ళో వచ్చి "సర్కారు పని, రా" అని శవం మోయడానికి మన వాడకే వస్తే అది ప్రజా ప్రయోజనం కిందికి రాదు. మిగతా వీధులకు ఎందుకు పోలేదని అడగొచ్చు, ఎవరి ఉత్తర్వు మీద పిలుస్తున్నారో రాతపూర్వకంగా ఇమ్మనవచ్చు. ఊళ్ళో ఇలాంటి పనికి రానన్నందుకు కొట్టారని ఫిర్యాదు రాసేటప్పుడు కొట్టిన దెబ్బల దగ్గరే ఆపేయకండి. ఏ పనికి పిలిచారు, ఆ పని మీ ఇంటివాళ్ళు ఎన్నాళ్ళుగా చేస్తున్నారు, ఏమిచ్చేవారు, ఊళ్ళో ఇంకే కులంవాళ్ళనైనా ఎప్పుడైనా పిలిచారా అన్న నాలుగు సంగతులూ రాయండి. మూడో సెక్షన్‌లో (హెచ్) బేగార్‌కు, (ఐ) కళేబరానికీ గుంతకూ. రెండు అక్షరాలూ ఎఫ్.ఐ.ఆర్.లో పడ్డాయో లేదో ప్రతి తీసుకుని చూసుకోండి.